తలుపు తెరవడం వేరు, బడిని నిలపడం వేరు

(తర్లగూడలో జరిగిన బుద్ధ పూర్ణిమ సభలో చేసిన ప్రసంగ పాఠం)



అణగారిన వారి చదువు గురించి నాలుగు మాటలు చెప్పమని నిర్వాహకులు నన్ను ఆదేశించారు. ఆ చరిత్రను దూరదేశం నుంచి కాక మన బస్తరు నుంచే మొదలుపెడతాను.

1910లో బస్తరు సంస్థానంలో గొప్ప తిరుగుబాటు జరిగింది. మన పెద్దలు దానిని భూమ్‌కాల్ అంటారు. నేతానారు గ్రామానికి చెందిన గుండాధూర్ పేరు దానితో ముడిపడి ఉంది. అడవులను రిజర్వు చేయడం, భూమి శిస్తులు పెంచడం, కూలి ఇవ్వకుండా వెట్టి చేయించుకోవడం, వరుస కరవులు ఇవన్నీ కలిసి జనాన్ని తిరగబడేలా చేశాయి. వారు బజార్లను దోచారు, అధికారుల ఇళ్ల మీద, పోలీసు ఠాణాల మీద పడ్డారు. వాటితో పాటు బడులను కూడా తగలబెట్టారు.

బడిని ఎవరైనా తగలబెడతారా? ఇది చదివినప్పుడు నాకు చాలాకాలం మింగుడుపడలేదు. ఆలోచించగా అర్థమైంది. ఆ బడి వారిది కాదు. అది ఠాణా పక్కన, కచేరీ పక్కన వెలిసిన ఏలినవారి కట్టడం. పిల్లవాడి నోట ఉన్న భాష అక్కడ లేదు. జనం తగలబెట్టింది చదువును కాదు, తమ మీద పెత్తనం చేసే మరొక ఇంటిని.

అదే 1910లో హైదరాబాదులో మరొక పని జరిగింది. ఇరవై రెండేళ్ల యువకుడు ఒకరు ఇసామియా బజారులో అస్పృశ్యుల పిల్లల కోసం బడి తెరిచారు. ఆయనే మాదరి భాగయ్య, తరువాత మనం భాగ్యరెడ్డి వర్మగా గౌరవిస్తున్న మహనీయులు. ఒకే ఏట ఒకచోట బడి కాలింది, మరొకచోట బడి వెలిసింది. ఈ రెండింటికీ నడుమ ఉన్న తేడాను మీ ముందు ఉంచడమే నా ప్రయత్నం.

ముందుగా తలుపు సంగతి చూద్దాం. 1856లో ధార్వాడలో ఒక మహార్ బాలుడు ప్రభుత్వ బడిలో చేర్చుకోమని బొంబాయి ప్రభుత్వానికి అర్జీ పెట్టుకున్నాడు. న్యాయం బాలుడి పక్షానే ఉందని ప్రభుత్వం ఒప్పుకుంది. అయినా, ఒక్కడిని చేర్చుకుంటే మిగిలిన వారంతా బడి మానుకుంటారని చెప్పి అర్జీని తోసిపుచ్చింది. 1858లో, ప్రభుత్వ ఖర్చుతో నడిచే బడులు అన్ని వర్గాల వారికీ తెరిచి ఉండాలని కంపెనీ డైరెక్టర్లు నిర్ణయించారు. కాగితం మీద తలుపు తెరుచుకుంది. కాని ఆ తరువాత ముప్పై ఏళ్లకు పైగా గడిచాక కూడా బాల అంబేద్కరు బడిలో గోనెపట్టా మీద వేరుగా కూర్చోవలసివచ్చింది. దాహమైతే కుండను తాకే హక్కు ఆయనకు లేదు.

మన తెలుగు జిల్లాలలోనూ కథ ఇదే. ఒంగోలులో బాప్టిస్టు మిషనరీ క్లౌ దొర బడిలో మాదిగ పిల్లలు చేరబోతే, అగ్రవర్ణాల పెద్దలు తమ పిల్లలను పంపబోమన్నారు. ఆయన మాదిగల పక్షాన నిలిచారు. 1878 జులై 3న ఒక్కరోజే 2,222 మంది అక్కడ బాప్తిస్మం తీసుకున్నారు. కరవు అందుకు ఒక కారణం. కాని అక్షరం మీద, మనిషిగా పిలిపించుకోవడం మీద ఉన్న ఆకలి కూడా కారణమే. మనం బౌద్ధులమైనంత మాత్రాన ఆ ఋణాన్ని మరువరాదు.

మద్రాసు ప్రభుత్వం 1893లో పంచముల చదువుకు ప్రత్యేక ఉత్తర్వు ఇచ్చింది. మరుసటి ఏడు కర్నల్ ఆల్కాట్ అడయారులో పంచములకు ఉచిత పాఠశాల ప్రారంభించారు. ఆల్కాట్ బౌద్ధుడు. ఆయన తోడ్పాటుతోనే 1898లో అయోతిదాస పండితులు సింహళానికి వెళ్లి పంచశీల స్వీకరించారు. దక్షిణాదిన బౌద్ధ పునరుజ్జీవనమూ, అంటరానివారి బడీ ఒకే కాలంలో, ఒకే చేతుల మీదుగా మొదలయ్యాయి. ఇది కాకతాళీయమని నేను అనుకోను.

ఇక బడిని నిలపడం సంగతి. భాగ్యరెడ్డి వర్మ గొప్ప ధనికులు కారు. ఒక బారిస్టరు ఇంట పనిచేస్తూ చదువు పెంచుకున్నవారు. 1906లో జగన్మిత్ర మండలి స్థాపించి హరికథల ద్వారా జనంలోకి వెళ్లారు. 1911లో మాన్య సంఘం పెట్టారు. 1917లో బెజవాడ మహాసభకు అధ్యక్షత వహించారు. పంచములన్న పేరును కాదని ఆది ఆంధ్రులన్న పేరును ముందుకు తెచ్చిన సభ అది. బుద్ధ జయంతిని జరిపించి బుద్ధుని వైపు మొగ్గారు. ఒక్క బడితో మొదలైన ఆయన కృషి 26 బడులకు, సుమారు 2,500 మంది పిల్లలకు చేరింది. తరువాత నిజాం ప్రభుత్వం వాటిని తన అధీనంలోకి తీసుకుంది.

ఇందులో మనం ప్రత్యేకంగా గమనించవలసింది ఒకటుంది. నిజాం రాజ్యంలో అధికార భాష ఉర్దూ. కాని భాగ్యరెడ్డి వర్మ బడులలో బోధన తెలుగులో సాగింది. పిల్లవాడు ఇంట్లో మాట్లాడే మాట బడిలో కూడా వినిపించింది. బస్తరులో కాలిన బడికీ, ఇసామియా బజారులో నిలిచిన బడికీ తేడా ఇక్కడే ఉంది. బడి ఎవరు పెట్టారు, ఏ భాషలో పలికింది, పంతులు పిల్లవాడిని ఏ కంటితో చూశాడు అన్నవే ఆ బడి మనదా పరాయిదా అన్నది తేలుస్తాయి.

ఈ మాటకు ప్రపంచమంతా సాక్ష్యం ఉంది. మహాత్మా ఫూలే 1873లో తన 'గులామ్‌గిరి' గ్రంథాన్ని నల్లవారి దాస్య విమోచనకు పాటుపడిన అమెరికా ప్రజలకు అంకితమిచ్చారు. అక్కడి బానిసల కష్టమూ ఇక్కడి శూద్రాతిశూద్రుల కష్టమూ ఒకటేనని ఆయన గ్రహించారు. అమెరికాలోని దక్షిణ కరోలినాలో 1740 నుంచే బానిసకు రాత నేర్పడం నేరం. దాస్యం పోయాక కూడా, 1896లో ఆ దేశపు సుప్రీంకోర్టు తెల్లవారిని, నల్లవారిని వేరుగా ఉంచడం తప్పు కాదన్నది. అప్పుడు నల్లవారు ఏం చేశారు? 1912 తరువాత ఇరవై ఏళ్లలో దక్షిణ రాష్ట్రాలలో సుమారు 5,000 బడులు కట్టుకున్నారు. రోసెన్‌వాల్డ్ అనే దాత కొంత సొమ్ము ఇచ్చారు. పత్తి చేలలో కూలి చేసుకునే ఆ పేదలు చందాగా, భూమిగా, కాయకష్టంగా ఇచ్చినది ఆ దాత ఇచ్చినదానికంటే ఎక్కువే.

ఇక్కడ ఒక సందేహం వస్తుంది. వేరు బడి అంటే మళ్లీ వెలివేతే కదా అని. న్యాయమైన ప్రశ్నే. ఇతరులు మనలను నెట్టివేసిన వేరు బడి అవమానమే. 1954లో అమెరికా సుప్రీంకోర్టు అలాంటి వేర్పాటును కొట్టివేయడం మానవజాతికే మేలు చేసింది. కాని దాని వెనుక జరిగినది కూడా తెలుసుకోవాలి. పిల్లలను కలిపేటప్పుడు చాలాచోట్ల మూతపడినవి నల్లవారి బడులే. వేలాది నల్లజాతి ఉపాధ్యాయులు ఉద్యోగాలు పోగొట్టుకున్నారు. తలుపు తెరుచుకుంది, కాని లోపల తమను ఎరిగిన పంతులు లేకుండా పోయాడు. ఫూలే 1882లో హంటర్ కమిషను ముందు, పంతుళ్లు శ్రమజీవుల కులాల నుంచి కూడా రావాలని కోరింది ఇందుకే.

భాష సంగతి దక్షిణాఫ్రికా చెబుతుంది. అక్కడి ప్రభుత్వం 1953లో చట్టం చేసి నల్లవారి చదువును తన గుప్పిట పెట్టుకుంది. కూలి పనికి సరిపడే చదువు చాలునన్నది దాని ఉద్దేశం. ఆపై పాలకుల భాష అయిన ఆఫ్రికాన్స్‌లో పాఠాలు చెప్పాలని ఆజ్ఞాపించింది. 1976 జూన్ 16న సొవెటో విద్యార్థులు వీధుల్లోకి వచ్చారు. పోలీసులు పసివాళ్ల మీద కాల్పులు జరిపారు.

ఇరవై అయిదు శతాబ్దాల క్రితమే తథాగతుడు ఈ విషయంలో తీర్పు చెప్పి ఉన్నాడు. బ్రాహ్మణ కులంలో పుట్టిన ఇద్దరు సోదర భిక్షువులు బుద్ధ వచనాన్ని ఛందోబద్ధం చేస్తామని అనుమతి అడిగారని వినయ పిటకం చెబుతుంది. బుద్ధుడు వారిని మందలించాడు. ఎవరి భాషలో వారు ధమ్మాన్ని నేర్చుకోవాలని అనుజ్ఞ ఇచ్చాడు. పాకీపని చేసే సునీతుడిని సంఘంలో చేర్చుకున్న కరుణ, ఈ అనుజ్ఞ రెండూ ఒకే కరుణ. మనిషిని లోనికి పిలిచి, అతడి మాటను గడప బయట వదిలి రమ్మనడం కరుణ కాదు.

బాబాసాహెబ్ దీనిని ఎరిగినవారు. 1945లో పీపుల్స్ ఎడ్యుకేషన్ సొసైటీని స్థాపించారు. 1946లో బొంబాయిలో తెరిచిన కళాశాలకు సిద్ధార్థ అని, అప్పటి హైదరాబాదు రాష్ట్రంలోని ఔరంగాబాదులో 1950లో తెరిచిన కళాశాలకు మిలింద అని పేర్లు నిలిచాయి. నాగపూరు దీక్ష 1956లో జరిగింది. అంటే దీక్షాభూమి కంటే పదేళ్లు ముందే ఆయన బుద్ధుని పేర బడి కట్టారు.

ఇప్పుడు మన సంగతికి వద్దాం. మన బీజాపూరు, దంతేవాడ సీమలలో ఘర్షణల కాలంలో బడి భవనాలు దెబ్బతిన్నాయి, కొన్నింటిలో సాయుధ బలగాలు బస చేశాయి. వాటిని ఖాళీ చేయాలని 2011లో సుప్రీంకోర్టు ఆదేశించవలసివచ్చింది. ఇక మన పిల్లలు ఇంట్లో తెలుగో, కోయో, గోండో మాట్లాడుతారు. బడిలో హిందీ వింటారు. హిందీ నేర్వవద్దని నేను అనను, అది వారికి కావలసిన భాషే. కాని మొదటి మెట్టు మీదే మాట తెలియక తడబడిన పిల్లవాడు తనకు చదువు రాదని నమ్ముతాడు. ఆ నమ్మకం అంటరానితనం కంటే తక్కువ గాయం కాదు.

కనుక ఈ పూర్ణిమ నాడు మీకు చేసే విన్నపం చిన్నదే. ప్రభుత్వ బడి మన హక్కు, దానిని వదులుకోరాదు. పంతులు రాకపోతే అడగాలి, రాతపూర్వకంగా అడగాలి. దానితో పాటు బుద్ధ వందన జరిగే ప్రతి చోటా, వందన ముగిశాక ఒక గంట పిల్లల చదువుకు కేటాయించాలి. పది చదివిన అక్క అయిదు చదివే చెల్లికి ఇంటి భాషలో పాఠం విప్పి చెప్పాలి. పక్క గూడెం కోయ బిడ్డను కూడా పిలవాలి. మన వాకిట్లోనే మరొక గోనెపట్టా పరచరాదు.

మహాపరినిర్వాణానికి ముందు తథాగతుడు తమకు తామే దీపాలు కమ్మని చెప్పాడు. దీపానికి ప్రమిద కావాలి, నూనె కావాలి, సాయంత్రం వెలిగించే చేయి కావాలి. ఆ చేయి మనదే కావాలని కోరుతూ సెలవు తీసుకుంటాను.

భవతు సబ్బ మంగళం. జై భీమ్.