కవులు లిఖించిన చరిత్ర చిత్రములు



చిత్రకారుని కుంచె యెరుగని చిత్రములు, శిల్పి యులి తాకని శిల్పములు ప్రపంచ సాహిత్యమున కొన్ని కలవు. అవి ఏ దేవాలయ కుడ్యముపైనను లేవు, ఏ ప్రదర్శనశాలలోను దొరకవు. కవివాక్కునందే పుట్టి ఆ వాక్కునందే నిలిచియున్నవి. అయినను వానియందు వంశముల భాగ్యములును, రాజ్యముల చరిత్రలును రూపుగట్టి, చూచువారి హృదయములతో ఏదో యొక వ్యవహారము నెరపుచుండును. ఆ వ్యవహారమును గూర్చియే నేడు మీకు విన్నవింపదలచితిని.

మన యిండ్లలో అందరు నెరిగిన ఉషాపరిణయమునే మొదట తలచుకొందము. శోణితపురాధీశుడగు బాణాసురుని కూతురు ఉష కలలో నొక సుందరపురుషుని గాంచి, మేలుకొని, అతడెవ్వడో తెలియక పరితపించుచుండగా, చెలికత్తెయగు చిత్రలేఖ తన యోగశక్తిచే దేవ గంధర్వ యక్ష విద్యాధరులను, పిదప మనుష్యులను, వారిలో యాదవవీరులను వరుసగా లిఖించి చూపినట్లు భాగవత దశమస్కంధము చెప్పుచున్నది. ప్రద్యుమ్నుని పటము కంటబడగానే ఉష సిగ్గుపడెను. అతని కుమారుడగు అనిరుద్ధుని పటము చూచి తల వంచెను. ఇంకను ఎవ్వరును చెప్పని మామకోడండ్ర బంధుత్వమును ప్రద్యుమ్నుని పటము ముందే యెరిగించినదన్నమాట.

ఒక లోకమునంతయు ఒక్క ఫలకముపై నిలిపినవాడు గ్రీకుకవి హోమరు. ఇలియడ్ కావ్యము 18వ సర్గమున, ట్రాయి యుద్ధమున గ్రీకువీరుడగు అకిలీసు కవచము ధరించి యుద్ధమునకేగిన ప్రాణమిత్రుడు పెట్రోక్లసు హెక్టరుచే హతుడై, ఆ కవచము శత్రువుపాలు కాగా, అకిలీసు తల్లి థెటిసు దేవశిల్పియగు హెఫైస్టసు కడకేగి కుమారునకు నూతన కవచమును యాచించెను. ఆ శిల్పి కొలిమి యొద్ద ఇరువది తిత్తులు అతని యాజ్ఞ మాత్రముననే ఊదుచుండును; అతడు బంగారముతో చేసిన పరిచారికలు మాటలాడుదురు, ఆలోచింతురు. అట్టి కర్మశాలలో కంచు, తగరము, వెండి, బంగారములతో ఐదు పొరల డాలు సిద్ధమయ్యెను.

దానిపై భూమ్యాకాశ సముద్రములు, సూర్యుడు, పూర్ణచంద్రుడు, కృత్తికలు మొదలగు నక్షత్రములు కలవు. రెండు నగరములు కలవు: ఒకదానియందు పెండ్లి యూరేగింపులు సాగుచుండగా, వీధిలో హతుడైన యొకని ప్రాణమునకు చెల్లింపవలసిన పరిహారమును గూర్చి ఇరువురు వాదులాడుచుందురు, నున్నని రాళ్లపై కూర్చున్న పెద్దలలో ఎవరు న్యాయమును సూటిగా చెప్పుదురో వారికీయదగిన బంగారము నడుమ నుంచబడినది. రెండవ నగరమును సైన్యములు ముట్టడించియున్నవి. తరువాత కోతకోయు చేనిలో దండము పట్టి మౌనముగా సంతసించు రాజు, ద్రాక్షతోటలో పాడుచున్న బాలుడు, ఎద్దును పట్టిన సింహములు, అంచుచుట్టును పారు మహాసముద్రము. దున్నుచున్న పొలము బంగారముతో చేసినదే అయినను, నాగలి వెనుక తిరుగబడిన నేల నల్లబడినదట! వానకు తడిసిన నల్లరేగడిని దున్నిన వారెవరైనను ఆ వర్ణనకు పులకింపక మానరు.

ట్రాయి యుద్ధపు నడుమ తయారైన యా డాలుపై ట్రాయి యుద్ధమే లేదు. అకిలీసు పేరును లేదు. యుద్ధములో చావబోవు వీరుడు తనకిక లేని సామాన్యజీవితము నంతయు ఎడమచేత మోయుచు రణమునకు నడచెను. ఇంతకంటె కఠినమైన కానుక ఏ తల్లియు తెచ్చియుండదని నా తలంపు. 1821లో ఆంగ్ల శిల్పి ఫ్లాక్స్‌మన్ రూపకల్పన ననుసరించి, వెండికి బంగారుపూతతో ఈ డాలును నిజముగానే చేయించి, నాల్గవ జార్జి పట్టాభిషేక విందులో నిలిపిరి. పని గొప్పదే; కాని దానిలో దున్నిన నేల నల్లబడదు.

హోమరు త్రోవనే నడచి, క్రీ.పూ. 19లో మరణించిన రోమను మహాకవి వర్జిలు తన ఈనియడ్ 8వ సర్గమున మరియొక డాలును కల్పించెను. వీనసు తన కుమారుడగు ఈనియాసుకై భర్తయగు వల్కనుచే దానిని చేయించినది. దీనిపై నున్నది రాబోవు రోమునగర చరిత్ర: కవలలకు పాలిచ్చు తోడేలు, గాలుజాతివారు కోటనెక్కుచున్నారని హెచ్చరించిన వెండిబాతు, నట్టనడుమ క్రీ.పూ. 31 నాటి ఆక్టియము నౌకాయుద్ధము. ఆ యుద్ధమున వెన్నిచ్చి పారిన జాతులలో ఈజిప్టువారితోపాటు ఇండియనులను గూడ కవి చేర్చినాడు! మనవారికి ఆ యుద్ధముతో ప్రమేయమెక్కడిది? మన రాజుల రాయబారులు తనకడకు వచ్చిరని కవి కాలమునాటి రోమను చక్రవర్తి అగస్టసు తన శాసనమున చెప్పుకొన్నాడు. రోమను నాణెములు మన తెలుగునేలలోనే దొరకుచున్నవి. అది వర్తకమైత్రియే గాని ఓటమి కాదు. ప్రభువు కొలువు నాశ్రయించిన చిత్రము చరిత్రను ఎట్లు పెంచి వ్రాయునో దీనివలన తెలియుచున్నది.

1766లో జర్మను విమర్శకుడు లెస్సింగు, హోమరు డాలు మన యెదుట తయారగుచుండునని మెచ్చి, వర్జిలు డాలు ముందే తయారై మన యెదుట నిలుపబడినదని ఆక్షేపించెను. ఆక్షేపణ సరియైనదే. అయినను ఈనియాసు ఆ బొమ్మల అర్థము నెరుగకయే ఆనందించి, తన సంతతివారి కీర్తిని, భాగ్యమును భుజముపై కెత్తుకొన్నాడని చెప్పి సర్గమును ముగించిన కవిని చిన్నచూపు చూడజాలము. ఆ ఈనియాసే మొదటి సర్గమున కార్తేజి నగరమున, జూనో దేవాలయమునందు ట్రాయి యుద్ధ చిత్రములను చూచి, ఆ రణమున పోరాడుచున్న తన్నే గుర్తించి కన్నీరు కార్చియుండెను. గతము నతడెరుగును, అందుచే ఏడ్చెను. భవిష్యత్తు నెరుగడు, అందుచే నవ్వెను.

ఈ రెంటిని ఒక్క పటముననే కలిపినవాడు మన భవభూతి. 8వ శతాబ్దివాడగు ఆ మహాకవి ఉత్తరరామచరిత ప్రథమాంకమున, తమ చరిత్రమునే చిత్రించిన చిత్రములను లక్ష్మణుడు సీతారాములకు చూపును. ఎంతవరకు లిఖించిరని రాముడడుగగా, ఆర్య అగ్నిశుద్ధివరకని లక్ష్మణుడు బదులు చెప్పగా, ఆ మాటకే రాముడు నొచ్చుకొనును. మంథర బొమ్మ రాగానే రాముడు బదులాడక ముందునకు సాగును. ఊర్మిళను చూపి ఈమె యెవరని సీత కొంటెగా నడుగును. శూర్పణఖ కనబడినంతనే ఆమె బెదరి, భర్త దర్శనము తనకిక లేదేమోయని వాపోగా, ఇది చిత్రమే గదా యని రాము డోదార్చును. గోదావరీతీరపు జనస్థానము వచ్చునప్పటికి ఓదార్చినవాడే కన్నీరు పెట్టును.

ఆ చిత్రములు చూచుటవలననే గంగాతీర వనములను మరల చూడవలెనని సీతకు కోరిక పుట్టెను. ఆ కోరికయే ఆమెను అడవికి పంపుటకు మిషయైనది. చిత్రకారుడు అగ్నిశుద్ధికడ నిలిపిన కుంచెను విధి యందుకొన్నదా యనిపించును. అయితే అదే చిత్రవీథిలో జృంభకాస్త్రములను చూచి, ఇవి నీ సంతానమునకు సంక్రమించునని రాముడు సీతకు పలికియుండెను. ఏండ్లు గడచిన పిదప, వాల్మీకి యాశ్రమ సమీపమున, లక్ష్మణుని కుమారుడగు చంద్రకేతుని సేనను ఒక ముని బాలకుడు ఆ యస్త్రములతోనే స్తంభింపజేసెను. అవి నీకెట్లు వచ్చినవని రాముడడుగగా, వానియంతట అవియే తమ యన్నదమ్ములకు గోచరించినవని ఆ బాలకుడగు లవుడు బదులు చెప్పెను.