బొమ్మల్లో పెద్దల కథ



మెట్‌పల్లిలో ఎందరికో బొమ్మ గీయడం నేర్పిన డ్రాయింగ్ సారు పేరు మీద జరుగుతున్న ఉపన్యాసం ఇది. అందుకే బొమ్మల గురించే మాట్లాడదలిచాను. జపాన్ యానిమేషన్‌లో పెద్దల బతుకు చెప్పే చిత్రాలు, వాటి మీద లేచిన వివాదాలు, వాటి వెనకున్న చాకిరీ ఈ రోజు నా విషయం.

మెట్‌పల్లి, కోరుట్ల, సిరిసిల్ల, ఎక్కడ చూసినా పిల్లల ఫోన్లలో అనిమే అనే ఈ జపాన్ యానిమేషన్ ఆడుతున్నది. 2025 సెప్టెంబర్‌లో ‘డీమన్ స్లేయర్: ఇన్ఫినిటీ క్యాజిల్’ అనే అనిమే చిత్రం తెలుగు మాటలతోనే థియేటర్లకు వచ్చింది. పెద్దలు మాత్రం “బొమ్మల సినిమానే గదా” అని ఊరుకుంటున్నారు. ఆ మాటతో రెండు విధాల నష్టపోతున్నాం. ఐదేళ్ల పిల్లకు తగని చిత్రం ఆ పిల్ల చేతికి పోతున్నది. పెద్దలు తప్పక చూడవలసిన చిత్రం వాళ్ల కంటికే ఆనడం లేదు.

బొమ్మలు పిల్లలకే అన్న ఆలోచన మన గడ్డది కాదు. పద్మశాలీలకు కూనపులివాళ్లు మార్కండేయ పురాణం చెప్పేది పటం మీదనే. ఖద్దరు గుడ్డకు గంజి, సుద్దమట్టి, చింతగింజల అంబలి పట్టించి, ఎర్రరంగు మీద నకాశీ కళాకారులు గీసిన పటం గజాల కొద్దీ సాగుతుంది. కథకుడు దాన్ని వేలాడదీసి, కట్టెతో ఒక్కో గడి చూపుకుంటూ, పటం విప్పుకుంటూ కథ నడుపుతాడు. మాదిగలకు డక్కలివాళ్లు జాంబపురాణం చెప్పేదీ పటంతోనే. పుట్టుక, చావు, శాపం, కులగౌరవం అన్నీ ఆ గడుల్లోకి వస్తాయి. వాడకట్టు పెద్దలూ పిల్లలూ కలిసి కూర్చుని వింటారు.

జపాన్‌లోనూ 12వ శతాబ్దపు చుట్టపటాలున్నాయి. తమ యానిమేషన్‌కు పూర్వరూపం వాటిలోనే ఉందని దర్శకుడు ఇసావొ తకాహతా 1999లో ఒక పుస్తకమే రాశాడు. ‘గ్రేవ్ ఆఫ్ ద ఫైర్‌ఫ్లైస్’ తీసింది ఆయనే. 1945లో కోబె నగరం మీద బాంబులు పడి తల్లిని పోగొట్టుకున్న అన్నాచెల్లెళ్లు ఆకలితో చనిపోయే కథ అది. మూలకథ రాసిన అకియుకి నొసాకా యుద్ధకాలంలో తన చిన్న చెల్లెను అట్లాగే పోగొట్టుకున్నాడు. తకాహతా కూడా తొమ్మిదేళ్ల వయసులో ఒకయామా మీద జరిగిన బాంబుదాడి నుంచి బయటపడ్డవాడే.

ఆ చిత్రంలో ఒక రేకు డబ్బా ఉంటుంది. పండ్ల రుచుల బిళ్లలు అయిపోయాక అన్న అందులో నీళ్లు పోసి కలుపుతాడు. చెల్లె తాగి, ఒక్కో పండు పేరు చెప్పి మురిసిపోతుంది. తర్వాత ఆ పిల్ల అస్థికలు చేరేది ఆ డబ్బాలోనే. చెల్లె పాత్రకు ఐదేళ్ల పాపతో మాటలు ముందే చెప్పించి, వాటికి తగ్గట్టు బొమ్మలు గీశారు. గీతలకు నలుపు బదులు ఎక్కువగా గోధుమరంగు వాడారు.

1988 ఏప్రిల్‌లో ఈ చిత్రాన్ని, పిల్లలు కేరింతలు కొట్టే ‘మై నైబర్ టోటొరో’ను ఒకే టికెట్ మీద జతగా విడుదల చేశారు. ఇంత దుఃఖం పిల్లలకు చూపవచ్చునా అన్న ప్రశ్న అక్కడే పుడుతుంది. యుద్ధ వ్యతిరేక చిత్రమని లోకమంతా మెచ్చుకున్నా తకాహతా ఆ ముద్ర ఒప్పుకోలేదు. పంతానికి పోయి, మనుషులకు దూరమై, చెల్లెను కాపాడుకోలేకపోయిన పిల్లవాడి కథగా చూడమన్నాడు.

పిల్లలకు చూపవచ్చునా అన్న ఆ ప్రశ్న మరోచోట గొడవే అయింది. హిరోషిమా అణుబాంబు నుంచి బతికి బయటపడ్డ కేజీ నకజావా 1973లో ‘బేర్‌ఫుట్ జెన్’ బొమ్మల కథ మొదలుపెట్టాడు. అది 1983లో యానిమేషన్ చిత్రమైంది. 2012లో మత్సుయె నగరంలో విద్యాధికారులు ఆ పుస్తకాన్ని బడి గ్రంథాలయాల్లో పిల్లలకు అందకుండా లోపల పెట్టించారు. జనం నిలదీస్తే 2013 ఆగస్టులో ఆ ఆంక్ష ఎత్తేశారు.

మన దేశంలోనూ ఇట్లాంటి గొడవ జరిగింది. జపాన్ దర్శకుడు యుగొ సాకొ రామాయణం మీద యానిమేషన్ చిత్రం తలపెడితే, పరాయివాళ్లు మన రాముణ్ణి కార్టూన్ చేస్తారా అని అభ్యంతరాలు వచ్చాయి. చిత్రం జపాన్‌లో తయారైంది. రామ్‌మోహన్ వంటి మన యానిమేషన్ పెద్ద దర్శకత్వంలో పాలుపంచుకున్నాడు. ఆ చిత్రమే 2025 జనవరిలో తెలుగులోనూ విడుదలైంది. తోలుబొమ్మలతో రామాయణం ఆడించిన జాతికి బొమ్మల రాముడు తప్పెట్లయితాడు?

ఇక చాకిరీ సంగతి. తెర మీద సెకనుకు 24 ఫ్రేములు నడవాలి. ప్రధాన భంగిమల నడుమ బొమ్మలు గీసే కుర్రవాళ్లకు జపాన్‌లో చాలాచోట్ల బొమ్మకింత అని కూలి. మన దగ్గర బీడీలకు వెయ్యికింత అని లెక్కగట్టినట్టే. ఈ పద్ధతి వదిలి నెలజీతాలిచ్చిన సంస్థ క్యోటో యానిమేషన్. చెవిటి పిల్లను తోటి పిల్లలు ఏడిపించడం, ఆత్మహత్య ఆలోచన వంటి బరువైన విషయాలతో 2016లో ‘ఎ సైలెంట్ వాయిస్’ తీసింది అక్కడే. 2019 జూలై 18న ఒక దుండగుడు ఆ స్టూడియోకు నిప్పు పెడితే 36 మంది ప్రాణాలు పోయాయి. చాకిరీకి తోడు పెట్టుబడి కష్టం కూడా ఉంటుంది. దర్శకుడు సునావొ కతబుచి తన చిత్రం ‘ఇన్ దిస్ కార్నర్ ఆఫ్ ద వరల్డ్’కు పెట్టుబడి కోసం 2015లో జనాన్ని అడిగితే 3,374 మంది తలా ఇంత వేశారు. చూసేవాళ్లు బాధ్యత తీసుకుంటే ఇట్లాంటి చిత్రాలు బతుకుతాయి.

అయితే, అనిమే అంతా మంచిదని నేను చెప్పను. హింసనూ శరీరాన్నీ సరుకు చేసి అమ్మేవి ఉన్నాయి. పిల్లలను లైంగికంగా చూపే బొమ్మలను జపాన్ 2014 నాటి చట్టం నిషేధంలో చేర్చలేదు. అది తప్పని నా గట్టి అభిప్రాయం. బాధపడే మనిషిని మనిషిగా నిలబెట్టిన చిత్రం ఎంత కఠినమైనదైనా చూడదగింది. బాధను వినోదంగా అమ్మింది ఎంత అందంగా గీసినా వదిలేయదగింది.

తల్లిదండ్రులకు, ఉపాధ్యాయులకు నా విన్నపం ఒక్కటే. సెన్సార్ వాళ్లు 7, 13, 16 ఏళ్లని వేస్తున్న వయసు గుర్తులు చూడండి. పిల్లల ఫోన్ గుంజుకోకముందు వాళ్ల పక్కన కూర్చుని ఒక చిత్రం పూర్తిగా చూడండి. ఎందుకు ఏడుపొచ్చిందో అడగండి, చెప్పింది వినండి. వచ్చే ఏడు సారు వర్ధంతికి నకాశీ పటంతో ఒక కథ చెప్పించి, అదే సాయంత్రం ‘గ్రేవ్ ఆఫ్ ద ఫైర్‌ఫ్లైస్’ ప్రదర్శించాలని స్మారక సమితిని కోరుతున్నాను. పెద్దలు పిల్లలను వెంటబెట్టుకుని రండి.