పగిలిన సీసా
(రేడియో ప్రసంగ పాఠం)

ఈ ఉదయం ధ్యానానికి సమూయేలు మొదటి గ్రంథం నాలుగో అధ్యాయం తీసుకుందాం. బైబిలు దగ్గరున్నవారు తెరచి పెట్టుకోండి. పొయ్యి దగ్గరున్న తల్లులు వింటే చాలు.

చిన్నప్పుడు మా అవ్వ ఒక మాంత్రికుడి కథ చెప్పేది. వాడి ప్రాణం వాడిలో ఉండదు. ఏడు సముద్రాల అవతల, చెట్టుతొర్రలో ఉన్న చిలుకలో ఉంటుంది. చిలుక మెడ విరిస్తే వాడు చస్తాడు. ఇప్పటి పిల్లల సినిమాల్లో, ఆటల్లో చిలుకకు బదులు ఒక మణి, ఒక కత్తి, ఒక ఉంగరం వచ్చాయి. అది పగిలితే ఒక్క మాంత్రికుడు కాదు, లోకమంతా కూలిపోతుందట. కథ పెద్దదయింది గాని భయం పాతదే.

మన మడకశిరవారికి లేపాక్షి దూరం కాదు. విజయనగర రాజుల కాలంలో, 16వ శతాబ్దంలో కట్టిన ఆ గుడిలో నేలకు పూర్తిగా ఆనని స్తంభం ఒకటుంది. చూడవచ్చినవారు దాని కింద గుడ్డ దూర్చి అవతలికి లాగుతారు. తెల్లదొరల కాలంలో ఒక ఇంజనీరు దాన్ని కదిలించబోతే చుట్టూ ఉన్న స్తంభాలు కూడా కదిలాయని, భయపడి వదిలేశాడని చెప్పుకుంటారు. జరిగిందో లేదో ఎలాగున్నా, ఆ కథ వినగానే మన గుండె ఒక్కసారి ఆగుతుంది. ఒక్కటి కదిలితే అంతా పోతుందేమోనన్న దిగులు మనిషికి పుట్టుకతోనే ఉంది.

యూదులకూ ఆ దిగులుండేది. దావీదు దేవాలయం పునాది గుంటలు తవ్విస్తుండగా అగాధజలాలు పొంగి లోకాన్ని ముంచబోయాయనీ, దేవుని నామం రాసిన పెంకు లోపల వేస్తే దిగిపోయాయనీ వారి తల్ముదు గ్రంథంలో ఒక కథ ఉంది. మందసం లేకుండాపోయిన తరువాత అతి పరిశుద్ధ స్థలంలో నేలకు మూడు వేళ్ల ఎత్తున ఒక రాయి మిగిలిందనీ, లోకానికి పునాది అదేననీ వారి పెద్దలు రాశారు. ఇవి బైబిలులోని మాటలు కావు, గమనించండి. బైబిలు చెప్పేది వేరు.

నాలుగో అధ్యాయం చూడండి. ఇశ్రాయేలీయులు ఫిలిష్తీయుల చేతిలో ఓడారు. సుమారు 4,000 మంది చచ్చారు. ఎందుకు ఓడామని దేవుణ్ణి అడిగారా? లేదు. షిలోహు నుండి మందసం తెప్పిద్దాం, అది మన మధ్య ఉంటే గట్టెక్కుతాం అన్నారు. మందసం పాళెములోకి రాగానే భూమి అదిరేలా కేకలు వేశారు. తరువాతి లెక్క ఏమిటి? 30,000 మంది కాల్బలం కూలారు. ఏలీ కుమారులిద్దరూ హతమయ్యారు. మందసం శత్రువుల పాలైంది. ఆ కబురు విని 98 ఏళ్ల ఏలీ పీఠం మీదనుండి వెనక్కి పడి మెడ విరిగి చనిపోయాడు. కోడలు ప్రసవిస్తూ బిడ్డకు ఈకాబోదు అని పేరు పెట్టింది, మహిమ వెళ్లిపోయిందని.

ఆ తల్లి దుఃఖాన్ని నేను తక్కువ చేయను. కాని తరువాతి అధ్యాయం చదవండి. దాగోను గుడిలో దాగోను బోర్లా పడ్డాడు. మందసాన్ని కాపాడడానికి అక్కడ ఒక్క ఇశ్రాయేలీయుడూ లేడు. ఏడు నెలల తరువాత రెండు పాడి ఆవులు దాన్ని లాక్కొచ్చాయి. మందసం దేవుణ్ణి మోయలేదు, దేవుడే దాన్ని మోసుకొచ్చాడు.

మోషే ఎత్తిన ఇత్తడి సర్పం సంగతీ అంతే. దేవుడు చెప్పి చేయించినదే. అయినా తరాలు గడిచాక జనం దానికి ధూపం వేస్తుంటే హిజ్కియా రాజు దాన్ని పగలగొట్టించాడు. ఆకాశం విరిగి పడలేదు.

ఇంతవరకు చెప్పడం సులభమే. ఇప్పుడు నా తప్పు చెప్పాలి.

కొన్నేళ్ల క్రితం కూడికల్లో నేను ప్రార్థన చేసిన కొబ్బరినూనె చిన్న సీసాల్లో పోసి పంచాను. రోగికి నూనె రాసి ప్రార్థించమని యాకోబు రాశాడు కదా, అది తప్పు కాదు. కాని గుమ్మానికి కట్టుకోండి అన్నది యాకోబు కాదు, నేను. మా పక్క ఊరి అవ్వ ఒకామె ఆ సీసాను పట్టుపురుగుల షెడ్డు గుమ్మానికి కట్టుకుంది. రెండు పంటలు బాగా వచ్చాయి. మూడో పంటకు ముందు గాలికి సీసా పడి పగిలింది. ఆ పంటలో పురుగులు గూళ్లు కట్టకముందే రోగమొచ్చి చచ్చాయి. అప్పు చేసి మల్బరీ ఆకు కొని మేపిన పంట అది.

నేను వెళ్లేసరికి అవ్వ షెడ్డు ముందు కూర్చునుంది. "అయ్యగారూ, పాపం చేసినాను. దేవుని సీసా పగలగొట్టుకున్నాను. ఆయన పోయినాడు" అంది.

నాకు నోట మాట రాలేదు. ఏలీ కోడలి మాటే అది, ఆ మాట ఆమెకు నేర్పింది నేనే. చివరికి అడిగాను: "అవ్వా, నేను సీసా ఇవ్వకముందు ముప్పై ఏళ్లు నీ పిల్లల్ని ఎవరు సాకినారు?"

చాలాసేపు పలకలేదు. తరువాత, "దేవుడే కదయ్యా" అంది. మళ్లీ నా ముఖంలోకి చూసి, "మరి నువ్వెందుకిచ్చినావు?" అని అడిగింది.

దానికి నా దగ్గర జవాబు లేదు. క్షమించమన్నాను. కుమారుడే తన మాటతో సమస్తాన్ని నిలబెడుతున్నాడని హెబ్రీ పత్రిక మొదటి అధ్యాయంలో ఉంది. ఆ భాగం అక్కడే చదివి వినిపించాను. మరుసటి వారం మా సంఘ యువకులు వెళ్లి షెడ్డు కడిగి, బ్లీచింగ్ పొడి కొట్టి, సున్నం వేశారు. నిజానికి ఆ షెడ్డుకు మొదటినుండీ కావలసింది అదే.

ఇంట్లో ఒక అట్టపెట్టె నిండా సీసాలు మిగిలిపోయాయి. ఏం చేయాలని మా ఇంటావిడ అడిగింది. ఆ నూనె ఇంటిల్లిపాదీ తలకు రాసుకున్నాం.