తెరచిన వాకిలి



సుప్రసిద్ధ గాయకుల బిడ్డలు సంగీతములోనో, చలనచిత్రములలోనో ప్రవేశించినప్పుడు మనము మొదట వేయు ప్రశ్న ఒక్కటే: "తండ్రి అంతటివాడగునా?" ఈ ప్రశ్న బిడ్డకు భారమే గాని బలము కాదని మా మనవి.

శ్రీపతి పండితారాధ్యుల సాంబమూర్తిగారు హరికథకులు. కుమారుడు బాలసుబ్రహ్మణ్యము ఇంజనీరు కావలెనని ఆయన కోరిక. బాలుగారు ఆ చదువునకై చేరినది మన ఊరినుండి హైదరాబాదు పోవు బాటలోని అనంతపురముననే. అనారోగ్యముచే ఆ చదువు విడిచి మద్రాసు చేరిరి. అచట వారికి వాకిలి తెరచినవారు తండ్రిగారు కారు. సంగీత దర్శకులు కోదండపాణిగారు. 1966లో 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న' చిత్రమునకు వారే తొలిపాట పాడించిరి. బాలుగారు హరికథ చెప్పలేదు. కాని పాత్రనుబట్టి గొంతు మార్చు హరికథకుని నేర్పు వారి పాటలో నిలిచినదని మేము తలంచెదము.

గురుఋణమును వారు మరువలేదు. తమ చిత్రనిర్మాణ సంస్థకు కోదండపాణిగారి పేరే పెట్టిరి. 1996లో ఆరంభమైన 'పాడుతా తీయగా'లోను, కన్నడమున 'ఎదె తుంబి హాడువెను'లోను ఊరూపేరూ లేని ఇండ్ల పిల్లలచే పాడించి, తప్పులు దిద్దిరి. తమకు తెరచిన వాకిలిని పరుల బిడ్డలకు తెరచిరి.

కుమారుడు చరణ్‌గారు పాడిరి, నటించిరి. పిదప నిర్మాతయై తమిళమున 'చెన్నై 600028' (2007), 'ఆరణ్య కాండం' (2011) చిత్రములను తీసిరి. ఆ రెండును వాటి దర్శకులకు తొలి చిత్రములే. రెండవదానికి, తొలి చిత్ర దర్శకునకిచ్చు జాతీయ పురస్కారము లభించినది. 2020లో బాలుగారు కీర్తిశేషులైరి. 2021లో 'పాడుతా తీయగా'లో తండ్రి కూర్చుండిన ఆసనమున చరణ్‌గారు కూర్చుండిరి. పోలిక తప్పని చోటది. అయినను పిల్లల పాట ఆగరాదు గదా!

గొంతు దైవదత్తము, దానిని పంచి యిచ్చుట ఎవరికిని సాధ్యము కాదు. వాకిలి తెరచు గుణము మాత్రము తండ్రినుండి బిడ్డకు రాగలదు. పరులకును అందగలదు.

ఇది మనకేల? మన పిల్లలు బడిలో కన్నడము చదువుదురు. తెలుగు వారికి ఇంటి మాటగా, భజన పాటగా అందుచున్నది. కైవారము తాతయ్యగారు రెండు భాషలలోను పాడిన నేల ఇది. అయినను మన భజనగోష్ఠులలో తాళము పెద్దల చేతిలోనే యున్నది. పిల్లలు వెనుక వరుసలో నిద్రించుచున్నారు. పాట ఒక ఇంటి సొత్తుగా నిలిచినచో ఆ ఇంటితోనే ముగియును. కావున ఇకమీద ప్రతి భజనలోను ఒక బిడ్డను ముందు కూర్చుండబెట్టుదము. ఆ బిడ్డ మన ఇంటివాడే కానక్కరలేదు. తప్పు పాడినను ఓర్చి విందము. "తాతవలె పాడుము" అని మాత్రము అనకుందము.