21 ఏళ్ల కౌలు: హోల్కమ్ భూస్వామి కోక్ కథ

(రైతు సంఘం శిక్షణ తరగతిలో చేసిన ప్రసంగ పాఠం)



రైతు సంఘం తరగతిలో ఇంగ్లీషు భూస్వామి కథ ఎందుకని మీరు అడగవచ్చు. మన జమీందారీల పుట్టుకకూ, కౌలు రైతు కష్టానికీ ఆ కథతో సంబంధం ఉంది.

అతని పేరు థామస్ కోక్. 1754లో పుట్టాడు. 1776లో తండ్రి చనిపోగా ఇంగ్లండ్ తూర్పున నార్‌ఫోక్ కౌంటీలోని హోల్కమ్ ఎస్టేటు అతని చేతికొచ్చింది. ఆ ఏడే కౌంటీ తరఫున పార్లమెంటుకు వెళ్లాడు. మధ్యలో కొన్నేళ్లు తప్ప 1832 వరకు సభ్యుడే. విగ్ పార్టీ మనిషి. అమెరికా వలసలపై యుద్ధాన్ని వ్యతిరేకించాడు. 1842లో చనిపోయాడు.

నార్‌ఫోక్ ఇసుక నేలల్లో నడిచిన పంట మార్పిడి మనకు తేలిగ్గానే అర్థమవుతుంది. మొదటి ఏడు గోధుమ, రెండో ఏడు టర్నిప్ దుంప, మూడో ఏడు బార్లీ, నాలుగో ఏడు క్లోవర్ అనే పచ్చిమేత. మన పిల్లిపెసరలాగే క్లోవర్ కూడా నేలకు నత్రజని ఇస్తుంది. టర్నిప్ చేలో గొర్రెల మంద పెడితే మేతకు మేత, ఎరువుకు ఎరువు. నేలను పడావు పెట్టే అవసరం తప్పింది. ఏటా గొర్రెల బొచ్చు కత్తిరింపు వేళ కోక్ హోల్కమ్‌లో పెద్ద సమావేశం జరిపేవాడు. విదేశాల నుంచి కూడా వచ్చి చూసేవారు. 1821 వరకు అవి సాగాయి.

ఇదంతా కోక్ కనిపెట్టాడని చాలాకాలం చెప్పుకున్నారు. ఎస్టేటు లెక్కలు తిరగేసిన చరిత్రకారులు అది నిజం కాదని తేల్చారు. టర్నిప్పులు, సున్నపు బంకమట్టి తోలడం, దీర్ఘకాలపు కౌలు అతనికి ముందే అక్కడున్నాయి. చేసింది రైతులు, పేరు భూస్వామిది.

అయినా ఒక మంచి సంగతి ఒప్పుకోవాలి. అతని కౌళ్లు చాలావరకు 21 ఏళ్లకు రాసినవి. బండ్లకొద్దీ మట్టి తోలిన ఖర్చు ఒక్క పంటలో తిరిగి రాదు. వచ్చే ఏడు ఈ చేను తనదో కాదో తెలియనివాడు నేలమీద డబ్బు పెట్టడు. హోల్కమ్ రైతు పెట్టాడంటే చేతిలో కాగితం ఉంది కాబట్టే.

రెండో వైపూ చూద్దాం. ఆ కాలంలో కౌంటీ సభ్యుడు కావాలంటే ఏడాదికి 600 పౌన్ల భూమి ఆదాయం ఉండాలి. కేవలం కౌలుకు చేసేవాడికి 1832 దాకా ఓటే లేదు. ఉమ్మడి భూములకు కంచెలు వేసే చట్టాలు వేలల్లో చేసింది ఆ భూస్వాముల పార్లమెంటే. స్వదేశంలో గోధుమ ధర క్వార్టరుకు 80 షిల్లింగులు చేరేదాకా విదేశీ గోధుమ రాకూడదని 1815లో చట్టం చేసిందీ అదే. ధర నిలిస్తే కౌలు డబ్బు నిలుస్తుంది. మరి కూలివాడు? చలికాలపు పనిని నూర్పిడి యంత్రాలు మింగేస్తే, 1830లో నార్‌ఫోక్ కూలీలు వాటిని పగలగొట్టారు.

ఇక మన సంగతి. భూమి మీద శాశ్వత హక్కు ఇస్తే భూస్వామి పెట్టుబడి పెట్టి సాగు బాగుచేస్తాడని కారన్‌వాలిస్ నమ్మాడు. ఇంగ్లండ్‌లో అతని కళ్లముందున్నది ఇలాంటి భూస్వాములే. 1793లో బెంగాల్‌లో, 1802 నుంచి మన ఉత్తర సర్కారుల్లో శాశ్వత శిస్తు పద్ధతి వచ్చింది. హక్కు జమీందారుకు దక్కింది, నేలమీద పెట్టుబడి మాత్రం రాలేదు. దున్నేవాడికి భరోసా ఇవ్వడం ఆ లెక్కలో ప్రధానం కాలేదు. ఆ జమీందారీల రద్దుకు 1948 చట్టం దాకా ఆగాల్సి వచ్చింది.

జమీందారీ పోయింది, కౌలు మిగిలింది. ఆంధ్రప్రదేశ్‌లో 2019 చట్టం కింద కౌలు రైతుకిచ్చే సాగు హక్కు పత్రం గడువు 11 నెలలు. దానికీ యజమాని సంతకం కావాలి. 11 నెలల మనిషి చెరువుమట్టి తోలతాడా, పచ్చిరొట్ట వేస్తాడా? భూసారం గురించి మనకు పాఠాలు చెప్పేవాళ్లను ముందు ఈ ప్రశ్న అడగండి. దున్నేవాడి చేతిలో నిలకడైన కాగితం లేకుండా నేల బాగుపడదు. సంఘం కౌలు రైతుల కోసం అడుగుతున్నది ఆ కాగితమే.