కాంచనమాల

చుండూరు స్టేషనులో రైలెక్కినవారు కొలది సేపటిలోనే తెనాలి చేరుదురు. నాటకములకును, పిమ్మట చలనచిత్రములకును ఎందరినో పంపిన పట్టణమది. తెనాలి తారలన్నచో నేటివారికి శారద జ్ఞప్తికి వచ్చును. సావిత్రి జన్మించిన చిర్రావూరును ఆ సీమలోనిదే. వారిరువురికంటె ముందటి తరమున తెలుగుతెరకు వెలుగైన కాంచనమాలయు తెనాలి ఆడపడుచే. 1917లో జన్మించిన ఆమెను గూర్చి నేడు ముచ్చటించుకొందము.

తెలుగుచిత్రము మాటలు నేర్చినది 1932లో. మూడేండ్లకే, 1935లో, కాంచనమాల 'శ్రీకృష్ణ తులాభారము'లో మిత్రవిందగా కనబడెను. ఆమె విశాలనేత్రములను గూర్చి ఆనాటివారు చెప్పుకొన్న మాటలకు అంతులేదు. ఇంటింట క్యాలెండర్లపై ఆమె చిత్తరువు వ్రేలాడెనట! అయినను, అందమొక్కటే ఆమె పేరును నిలిపినదని మేము తలంపము. 1938లో 'గృహలక్ష్మి'యందు కన్నాంబ ఇల్లాలు కాగా, ఆ కాపురమును కూల్చు స్త్రీ వేషమును కాంచనమాల ధరించెను. పేరు కోరు నటి జంకవలసిన పాత్రయే అది.

ఆ సంవత్సరమే 'మాలపిల్ల' వెలువడెను. కథ గుడిపాటి వెంకటచలముది; దర్శకుడు గూడవల్లి రామబ్రహ్మము. హరిజనుల ఆలయప్రవేశమును అడ్డగించు సుందరరామశాస్త్రి కుమారుడు ఆ వాడలోని శంపాలతను ప్రేమించును. శంపాలత కాంచనమాల. అగ్నిలో చిక్కిన శాస్త్రిగారి భార్యను హరిజనుడే కాపాడుటతో శాస్త్రిగారి మనసు కరగును, గుడి తలుపులు తెరచుకొనును. అంతకుమునుపు తెరపై రాణులను, దేవతలను చూచుటకు అలవడిన జనము ఈ మాలపిల్లను చూచి మెచ్చుకొనిరి.

ఇచట చుండూరు మాట చెప్పక తప్పదు. 'మాలపిల్ల' వచ్చిన ఏబదిమూడేండ్లకు, 1991లో, సినిమాహాలులో ఒక దళిత యువకుని కాలు ముందున్నవానికి తగులుటతో ఈ గ్రామమున కలహము రేగెను. అది పెరిగి పెరిగి ఆగస్టు 6వ తేదీన ఎనమండుగురు దళితుల హత్యగా పరిణమించెను. గ్రామములోనే నెలకొల్పిన ప్రత్యేక న్యాయస్థానము 2007లో పలువురికి శిక్ష విధించెను. 2014లో హైకోర్టు ఆ శిక్షలను కొట్టివేసెను. తెరమీది శంపాలతకు చప్పట్లు కొట్టుట సులభమే. హాలులో తన వెనుక బెంచీపై కూర్చున్నవానిని సాటిమనిషిగా నెంచుట వేరుపని. అది ఏ నటివలనను అగునది కాదు. కాంచనమాల చేయగలిగినది ఆమె చేసెను.

మరుసటి ఏడు 'వందేమాతరము'లో నాగయ్య సరసనను, వితంతు వివాహమును సమర్థించు 'మళ్లీ పెళ్లి'లోను, 1940లో 'ఇల్లాలు'లోను నటించెను. ఇవన్నియు సంఘమును ప్రశ్నించు కథలే. 1942లో జెమినీవారి 'బాలనాగమ్మ' విజయమునకు మేరలేదు. గోవిందరాజుల సుబ్బారావు మాయల మరాఠీ, కాంచనమాల బాలనాగమ్మ. మాంత్రికుని చెరలో చిక్కిన వనిత పాత్ర అది.

ఆ చిత్రము పిమ్మట ఆమెకు స్టూడియో ఒప్పందమే చెరయైనది. ఇతర సంస్థల చిత్రములలో నటించుటకు వీలులేక, నిర్మాతతో వివాదము ముదిరి, నిండా ముప్పది యేండ్లు రాకమునుపే ఆమె తెరకు దూరమయ్యెను. క్రమముగా మనస్సు స్థిమితము తప్పెను. ఆనాటి ఒప్పందపు పత్రములలో నటి చేయు సంతకమునకు విలువ గలదుగాని, ఆమె మాటకు విలువ లేకుండెను. కోట్లు కూడబెట్టిన చిత్రపరిశ్రమ ఈ విషయమున ఏమి సమాధానము చెప్పుకొనునో మాకు తోచదు.

ఇరువది యేండ్లు గడచెను. 'ఇల్లాలు'లో తనతో నటించిన లక్ష్మీరాజ్యము 'నర్తనశాల' నిర్మించునపుడు పాత స్నేహితురాలిని మరువక, ఒక చిన్న వేషమిచ్చి తెరమీదికి తీసికొనివచ్చెను. 1963లో ఆ చిత్రము విడుదలయ్యెను. సావిత్రి సైరంధ్రియైన ఆ చిత్రములో కాంచనమాలను గుర్తుపట్టినవారు కొందరే. 1981లో ఆమె కన్నుమూసెను.