వెస్ట్‌ఫాలియా పల్లెల ఇత్తడి వాద్యములు

జర్మనీ దేశమందలి వెస్ట్‌ఫాలియా ప్రాంతమున, బీలెఫెల్డ్ పట్టణమునకు చేరువనున్న యోలెన్‌బెక్ గ్రామమున 1843లో, ప్రొటెస్టెంటు భక్తి యుద్యమము ప్రబలియుండిన దినములలో, పొజౌనెన్‌కోర్ అను ఇత్తడి వాద్యబృంద మొకటి వెలసినది. అట్టి బృందములు క్రమముగా పొరుగూళ్లకు వ్యాపింపగా, సామాన్య గ్రామీణులు వాద్యములను చేపట్టి, ఆలయములోనే గాక ఆరుబయటను స్తోత్రగీతములను నాలుగు స్వరశ్రేణులలో వినిపింపసాగిరి.

ఈ పరంపరకు స్థిరరూపము నొసగినవాడు యోహానెస్ కూలో (1856–1941) అను మతాచార్యుడు. సైనిక బృందములలో ఒక్కొక్క వాద్యమునకు స్వరలిపిని వేర్వేరుగ మార్చి వ్రాయు నాచార ముండగా, ఆయన పియానోకు వలెనే ధ్వనించు శ్రుతిలో వ్రాయు పద్ధతిని ప్రచారమునకు దెచ్చెను. తత్ఫలితముగా గాయకుల పుస్తకమునుండియే వాదకులును నేరుగా వాయింపగల్గిరి. ఆ పల్లెవాసులకు ఇంతకు మించిన యుపకారము వేరొండు లేదని నా దృఢ విశ్వాసము. కంఠస్వరమును బోలు మృదునాదమే ఆయనకు పరమాదర్శము. అందులకే ఫ్లూగెల్‌హార్న్ అను వాద్యమును మిక్కిలి యాదరించెను. 2016లో ఈ పొజౌనెన్‌కోర్ సంప్రదాయము జర్మనీ అమూర్త సాంస్కృతిక వారసత్వ పట్టికయందు చేర్పబడినది.